పన్నెండు మందికి వేడివేడి చీజ్ బ్రెడ్డు: ఓవెన్ ఎప్పుడు వెయ్యాలి?

ఒంగోలు నుంచి ఒక చెల్లెమ్మ అడిగింది. ఆదివారం సాయంత్రం వాళ్ళాయన ఆఫీసు వాళ్ళు పన్నెండు మంది ఇంటికి భోజనానికి వస్తున్నారట. భోజనానికి ముందు స్టార్టరుగా, ముక్క లాగితే చీజ్ తీగలా సాగే బ్రెడ్డు వేడిగా పెట్టాలని ఆమె కోరిక. పోయినసారి చేస్తే పది నిమిషాలకే పైన చీజ్ రబ్బరైపోయింది, అడుగున బ్రెడ్డు తడిసి ముద్దయింది. ఇంట్లో చిన్న ఓటీజీ (బల్ల మీద పెట్టుకునే కరెంటు ఓవెన్) ఉంది. ఏ చీజ్ కొనాలి, ఏ బ్రెడ్డు తేవాలి, ఎంతసేపు కాల్చాలి అని ప్రశ్న.

ముందు సూటిగా చెప్పేస్తానమ్మా. పిజ్జా మీద తీగలా సాగే ఆ మోజరెల్లా చీజ్ ఒక్కదాంతోనే చెయ్యొద్దు. రెండు వంతుల మోజరెల్లాకి ఒక వంతు మామూలు ప్రాసెస్డ్ చీజ్ తురిమి కలపండి. బ్రెడ్డుకి బదులు పావు, అంటే పావ్ భాజీకి ఇచ్చే బన్ను, విడదియ్యని పలకలుగా తెచ్చుకోండి, అవీ ముందురోజువి. అన్నీ కూర్చి సిద్ధంగా పెట్టుకోండి, కానీ ఓవెన్లోకి మాత్రం అందరూ వచ్చి కూర్చున్నాకే పంపండి, అదీ రెండు విడతలుగా. కాలడానికి పట్టేది పదిహేను నిమిషాలు. పోయినసారి మీరు ఆ పదిహేను నిమిషాలు వాళ్ళు రాకముందే ఖర్చుపెట్టేసి ఉంటారు. అవునా?

నా సంగతి రెండు ముక్కలు. చెన్నైలో ఒక హోటలు వంటింట్లో తొమ్మిదేళ్ళు చేసి, నెల్లూరు తిరిగొచ్చి పదకొండేళ్ళుగా చిన్న పార్టీలకు వండి పెడుతున్నాను. ఇరవై మంది, మహా అయితే నలభై మంది. పెళ్ళిళ్ళ జోలికి పోను. మాగుంట లేఅవుట్ లోనూ వేదాయపాళెం లోనూ పుట్టినరోజులకి ఈ మధ్య అందరూ అడిగేది ఈ చీజ్ బ్రెడ్డే. రొట్టెల పండగ ఊరు మాది. స్వర్ణాల చెరువులో మోకాలి లోతు నీళ్ళలో నిలబడి ఒకరి చేతి రొట్టె ఒకరు అందుకునే ఊరికి రొట్టె పంచుకోవడం కొత్తేం కాదు, దాని మీద చీజ్ కొత్త.

ఇక అసలు విషయం, టైము. మన వైపు "ఏడింటికల్లా వచ్చేస్తాం" అంటే ఏడింటికి స్నానానికి లేస్తామని. మొదటి జంట ఏడుంపావుకి వస్తారు. చివరివాళ్ళు ఎనిమిదిన్నరకి, "ట్రంకు రోడ్డులో ఒకటే ట్రాఫిక్కు" అనుకుంటూ. ఈ గంటంపావులో మీరు ఏ నిమిషాన బ్రెడ్డు బయటికి తీసినా సగం మందికి అది చల్లటి బ్రెడ్డే. నేను మొదట్లో ఇంటావిడ చెప్పిన టైము నమ్మి కాల్చేసేవాణ్ణి. ఇప్పుడు గుమ్మం దగ్గర చెప్పులు లెక్కపెడతాను. నవ్వుతారు గానీ నిజం. పన్నెండు మందిలో పది జతలు కనపడ్డాకే ఓవెన్ వేడెక్కించడం మొదలుపెడతాను. అది వేడెక్కడానికి పది నిమిషాలు, బ్రెడ్డు కాలడానికి పదిహేను. ఈలోపు మిగతా ఇద్దరూ వస్తారు, మంచినీళ్ళు తాగుతారు, ఇల్లంతా చూస్తారు.

రబ్బరు ఎందుకవుతుందో తెలిస్తే మీకే సగం చేయి తిరుగుతుంది. మోజరెల్లాలోని పాల మాంసకృత్తులు కాల్షియంతో ముడిపడి పొడుగాటి పోగుల్లా అల్లుకుని ఉంటాయి. సుమారు 60 డిగ్రీలు దాటేసరికి ఆ అల్లిక వదులవుతుంది, లాగితే సాగుతుంది. చల్లారితే మళ్ళీ బిగుస్తుంది. ఎక్కువసేపు కాల్చారనుకోండి, లోపలి నెయ్యీ నీరూ ముందే బయటికి పోతాయి. అప్పుడు మిగిలేది ఉత్త పోగులే. అదే మీరు చూసిన రబ్బరు.

ప్రాసెస్డ్ చీజ్ తీరు వేరు. తయారీలోనే సోడియం ఫాస్ఫేటు, సోడియం సిట్రేటు లాంటి లవణాలు కలుపుతారు. అవి కాల్షియాన్ని లాగేసుకోవడం వల్ల పోగుల బిగువు తగ్గి, కొవ్వూ నీరూ విడిపోకుండా కలిసి ఉంటాయి. అది తీగలా సాగదు, కానీ చల్లారినా మెత్తగానే ఉంటుంది. అందుకని రెండూ కలిపితే సాగడానికి ఒకటి, మెత్తదనానికి ఒకటి. పన్నెండు మందికి 250 గ్రాముల మోజరెల్లా, 125 గ్రాముల ప్రాసెస్డ్ చీజ్ చాలు. నేను అమూల్ బ్లాకు కొని ఇంట్లోనే తురుముకుంటాను. తురిమి అమ్మే ప్యాకెట్లలో ముక్కలు అంటుకోకుండా పిండి చల్లుతారు, కొన్నిసార్లు అది పైన పొడిపొడిగా కనపడుతుంది. బ్లాకుని అరగంట డీప్ ఫ్రీజర్లో పెడితే తురుము చక్కగా వస్తుంది. మన ఎండకి బయట పెట్టి తురిమితే చేతికి పేస్టు తప్ప ఏమీ రాదు.

పనీరు తురిమి కలపొచ్చా అని చాలామంది అడుగుతారు, చవకని. కరగదమ్మా. కాగుతున్న పాలలో నిమ్మరసం పోసి విరిచినప్పుడే ఆ పులుపుకి కాల్షియం చాలావరకు నీళ్ళలోకి పోతుంది. ఇక దానికి సాగే గుణం ఉండదు. ఓవెన్లో గంట ఉంచినా గట్టిపడుతుందే తప్ప జారదు. కూరలో దానికున్న మర్యాద ఇక్కడ లేదు.

వీడియోల్లో గుండ్రటి చీజ్ చక్రాన్ని చెక్క డబ్బాతో సహా ఓవెన్లో పెట్టి, పైన గాట్లు పెట్టి, బ్రెడ్డు ముక్కలు ముంచుకు తినడం మీరు చూసే ఉంటారు. అది ఫ్రాన్సులో నార్మండీ వాళ్ళ కామెంబేర్. దాని పైన తెల్లటి బూజు పెంచుతారు, ఆ బూజే లోపలి మాంసకృత్తుల్ని వారాల తరబడి కరిగిస్తూ వస్తుంది. కాబట్టి అది కాల్చకముందే మెత్తగా ఉంటుంది, చల్లారినా గట్టిపడదు. ఆ వీడియో చూసి మోజరెల్లాతో అదే చెయ్యబోతే కుదరదు. నేను చెన్నై నుంచి రెండుసార్లు తెప్పించి పెట్టాను. వాసనకే సగం మంది ముక్కు మూసుకున్నారు. ఆ డబ్బులకి నాలుగు కిలోల కొరమేను వచ్చేదని మా ఆవిడ ఇప్పటికీ దెప్పుతుంది.

ఇక బ్రెడ్డు. పావ్ భాజీ బళ్ళ పుణ్యమా అని ఇప్పుడు మన వైపు చాలా బేకరీల్లో పావు దొరుకుతుంది. ఆరో ఎనిమిదో అంటుకుని ఉన్న పలకని విడదియ్యకుండా ఇమ్మని ముందే చెప్పిపెట్టుకోండి. లాక్కుని తినడానికి దేవుడు చేసి పెట్టినట్టు ఉంటుంది అది. కొన్నిచోట్ల పావు పేరుతో తియ్యటి బన్నే ఇస్తారు, ఒకటి కొరికి చూసి కొనండి. చక్కెర ఎక్కువుంటే చీజ్ కరిగేలోపు అడుగు మాడుతుంది.

ముందురోజుదని ఎందుకన్నానంటే, అప్పుడే దిగిన పావుని కోస్తే లోపల ముద్దగా నలుగుతుంది, వెన్నని స్పాంజిలా పీల్చేస్తుంది. ఒక రాత్రి గడిచినది నిలబడుతుంది. అట్లాగని ఫ్రిజ్జులో పెట్టొద్దు. బ్రెడ్డు తొందరగా బిరుసెక్కేది ఆ చల్లదనంలోనే. కవర్లో మూతికట్టి గది వాతావరణంలో ఉంచండి. ఒక్క రాత్రే. మన ఉక్కకి మూడో రోజు పచ్చటి బూజు ఖాయం.

తడి ఎక్కడినుంచి వస్తుందో చూసుకోండి. అడుగు ముద్దవడానికి నేను చూసిన కారణాలు మూడు. ఒకటి, ఇంట్లో చిలికిన వెన్న. ప్యాకెట్ వెన్నలో 80 శాతం కొవ్వుంటుంది, ఇంటి వెన్నలో మజ్జిగ తడి ఎంతుంటుందో ఎవరికీ తెలీదు. ఇంటి వెన్నే వాడాలంటే సన్న సెగన కరిగించి చిటపట ఆగేదాకా ఉంచి వాడండి. రెండు, పచ్చి టమాటా, ఉడికించిన మొక్కజొన్న, క్యాప్సికం. వీటిని విడిగా పెనం మీద వేయించి తడి పోగొట్టకుండా వేస్తే ఆ నీరంతా బ్రెడ్డులోకే. మూడోది ఎవరూ అనుకోరు, కాల్చాక మూత పెట్టడం. వేడి పోకూడదని స్టీలు గిన్నె బోర్లిస్తారు, ఆవిరి చుక్కలై మళ్ళీ బ్రెడ్డు మీదే పడుతుంది. మూత వద్దు. పల్చటి నూలు తువ్వాలు కప్పండి.

చేసే పద్ధతి చెబుతాను. ఎనిమిదేసి పావులున్న పలకలు రెండు తీసుకోండి. పదహారు పావులు పన్నెండు మందికి సరిపోతాయి. తర్వాత భోజనం ఉంది కదా, దీంతోనే కడుపు నింపేస్తే మీ బిరియానీ ఎవరు తింటారు? ప్రతి పావు మీదా నిలువు రెండు, అడ్డం రెండు గాట్లు పెట్టండి, లోతు మూడింట రెండు వంతులు. అడుగు తెగకూడదు. 100 గ్రాముల వెన్న, పన్నెండు వెల్లుల్లి రెబ్బలు దంచినవి, సన్నగా తరిగిన కొత్తిమీర గుప్పెడు, మిరియాల పొడి అర చెంచా. వెన్నలో వెల్లుల్లిని ఒక్క నిమిషం సన్న సెగన తిప్పి దించాలి. పచ్చి వెల్లుల్లి ఓవెన్లో పదిహేను నిమిషాలకి ఉడకదు, మర్నాటిదాకా నోట్లో ఉంటుంది.

నేను ఇంకోటి చేస్తాను. కారం దోసెకి పూస్తామే, ఎండుమిరపకాయ, ఉల్లి, వెల్లుల్లి నూరిన ఎర్రకారం, దాన్ని నూనెలో నీరు ఇగిరేదాకా వేయించి ఒక పలకలో గాట్ల మధ్య పల్చగా పూస్తాను. ఇంకో పలక ఉత్త వెల్లుల్లి వెన్నతో, పిల్లలకి. ముందు ఏది ఖాళీ అవుతుందో చెప్పక్కర్లేదు. పోయిన సంక్రాంతికి ఒకాయన అమెరికా నుంచి వచ్చి, "ఇది యాడిదయ్యా, మా ఊళ్ళో ఇట్టా ఉండదే" అన్నాడు. యాడిదో కాదు, మూలాపేట దోసె బండిది!

వెన్న కానీ కారం కానీ గాట్లలోకి పోయాక, చీజ్ వెయ్యకుండానే ఒకసారి నాలుగు నిమిషాలు ఓవెన్లో పెట్టి తీయండి. దీన్ని మధ్యాహ్నమే చేసి పెట్టుకోవచ్చు. లోపలి అంచులు కొంచెం కాలి గట్టిపడతాయి కాబట్టి చీజ్ తడి లోపలికి దిగదు. మీ ముద్ద సమస్యకి మందు ఇదే. తర్వాత చీజ్ తురుము గాట్లలోకి వేళ్ళతో కూరండి. పైన చల్లితే అందంగా ఉంటుంది గానీ తొందరగా చల్లారేది పైన ఉన్నదే. మూడొంతులు లోపలికి, ఒక వంతు పైకి.

ఓటీజీ పది నిమిషాలు 180 డిగ్రీల దగ్గర వేడెక్కాలి, పైనా కిందా రెండు రాడ్లూ వేసి. చిన్న ఓటీజీల్లో పైరాడ్డు నెత్తి మీదే ఉంటుంది. అందుకని కింది మెట్టులో పెట్టి, మొదటి పది నిమిషాలు అల్యూమినియం ఫాయిల్‌ని గొడుగులా వదులుగా కప్పండి. అది రాడ్డుకి తగలకూడదు. తర్వాత ఫాయిల్ తీసి నాలుగైదు నిమిషాలు. పైన అక్కడక్కడ బంగారు మచ్చలు రాగానే తీసెయ్యండి. అంతా ఒకే రంగు రావాలని ఆగితే అయిపోయినట్టే. మొదటి పలక బయటికి రాగానే రెండోది లోపలికి. మొదటిది తినడం అయ్యేసరికి రెండోది వస్తుంది. అతిథులకి రెండుసార్లూ వేడిదే అందుతుంది, మీరు పెద్ద ఓవెన్ కొనలేదన్న సంగతి ఎవరికీ తెలీదు.

ఉప్పు వెయ్యొద్దు. ప్రాసెస్డ్ చీజ్‌లో ఉంది, ప్యాకెట్ వెన్నలో ఉంది, ఎర్రకారంలో ఉంది. మొదటి ఏడాది అలవాటుగా చిటికెడు వేసి ఒక బ్యాంకు మేనేజరు గారింట్లో మొత్తం ఉప్పుకషాయం చేశాను. పాపం వాళ్ళు మొహమాటానికి తిన్నారు, నీళ్ళ క్యాను మాత్రం ఖాళీ అయింది.

వేడి నిలవాలంటే దేంట్లో పెడుతున్నామన్నది చూడాలి. గాజు పళ్ళెం, స్టీలు ప్లేటు రెండూ వేడిని తాగేస్తాయి. బరువైన ఇనప దోసె పెనాన్ని పొయ్యి మీద బాగా వేడిచేసి, చెక్క పీట మీద పెట్టి, దాని మీదకి బ్రెడ్డు జరిపితే ఇంకో పది నిమిషాలు గెలుస్తారు. పిల్లలుంటే పీట బల్ల మధ్యలో ఉండాలి, అంచున కాదు. మట్టి మూకుడు ఇంకా మంచిది, నిదానంగా వేడెక్కి నిదానంగా చల్లారుతుంది. కానీ చేపల పులుసు వండిన దాక వాడొద్దు. నాకిది తగిలిన దెబ్బే. శాకాహారుల ఇంట్లో పార్టీ. మా కుర్రవాడు తెలీక పులుసు దాక పట్టుకొచ్చాడు, నేనూ చూసుకోలేదు. కడిగిందే, కంటికి శుభ్రంగానే ఉంది. ఓవెన్ వేడికి మట్టి రంధ్రాల్లోంచి చింతపండూ మెంతీ చేపా అన్నీ లేచాయి. ఆ ఇంటి పెద్దావిడ వంటింట్లోకి వచ్చి, ఏమీ అనకుండా ఒకసారి గాలి పీల్చి వెళ్ళిపోయింది. ఆ బ్రెడ్డు మొత్తం పారేసి మళ్ళీ చేశాను, డబ్బులు తీసుకోలేదు.

శాకాహారం మాట వచ్చింది కాబట్టి, ప్యాకెట్ మీద పచ్చ చుక్క చూసి కొనండి. పాలు తోడుపెట్టడానికి వాడే రెనెట్ కొన్ని విదేశీ చీజుల్లో లేగదూడ పొట్ట నుంచి తీసింది. ఇటలీ అసలు పార్మెజాన్ అట్లాంటిదే. ఎవరో బహుమతిగా ఇచ్చిన డబ్బా ఉంది కదా అని పైన తురమకండి, వచ్చేవాళ్ళలో పట్టింపున్న వాళ్ళుంటే మాట పోతుంది. వెల్లుల్లి తినని వాళ్ళుంటే నాలుగు పావులు విడిగా కరివేపాకు, మిరియాలతో చెయ్యండి.

కరెంటు సంగతి మర్చిపోవద్దు. ఓటీజీ 1200 వాట్ల పైనే లాగుతుంది, ఫ్యాన్లకీ లైట్లకీ పెట్టుకున్న మామూలు ఇన్వర్టరు దాన్ని మొయ్యదు. వేదాయపాళెంలో ఒక గృహప్రవేశంలో సరిగ్గా ఫాయిల్ తీసే వేళకి కరెంటు పోయింది. మందపాటి పెనం సన్న సెగ మీద పెట్టి, దాని మీద పలక ఉంచి, ఎత్తుగా ఉన్న మూత వేసి ఏడెనిమిది నిమిషాలు ఉంచాను. అడుగు బాగా కరకరలాడింది. పైన మచ్చలు రాలేదు, అంతే తేడా. మూత లోపలివైపు గుడ్డ కట్టాను కాబట్టి ఆవిరి చుక్కలు పడలేదు. ఓవెన్ లేనివాళ్ళు కూడా ఇట్లాగే చేసుకోవచ్చు. మైక్రోవేవ్ మాత్రం, కన్వెక్షన్ (వేడిగాలితో కాల్చే ఏర్పాటు) లేనిదైతే, దీనికి పనికిరాదు. బయటికి తీసిన రెండు నిమిషాలకే పావు తోలులా తయారవుతుంది.

ఇంత టైము లెక్క మీ వల్ల కాదు, వచ్చేవాళ్ళు ఒక్కొక్కరుగా తొమ్మిదింటిదాకా వస్తూనే ఉంటారు అనుకుంటే, సాగే చీజ్ ఆశ వదిలేసి చీజ్ సాసు చెయ్యండి. నిజానికి ఒంటరిగా వండుకునే ఇల్లాలికి నేను ముందు చెప్పేది ఇదే. రెండు చెంచాల వెన్నలో రెండు చెంచాల మైదా పచ్చివాసన పోయేదాకా వేయించి, రెండు కప్పుల పాలు కొంచెం కొంచెంగా పోస్తూ ఉండ కట్టకుండా కలిపి, చిక్కబడ్డాక దించేసి 200 గ్రాముల ప్రాసెస్డ్ చీజ్, 50 గ్రాముల మోజరెల్లా వెయ్యండి. పొయ్యి మీద ఉండగా చీజ్ వేసి మరిగిస్తే నూనె తేలుతుంది. మైదాలోని పిండి పదార్థం కొవ్వుని విడిపోనివ్వదు. స్విట్జర్లాండ్ వాళ్ళు ఫాండ్యూలో, అంటే బ్రెడ్డు ముంచుకు తినే కరిగిన చీజ్‌లో, పుల్లటి తెల్ల వైను, కార్న్‌ఫ్లోర్ వేసేది కూడా చీజ్ ఉండకట్టకుండా ఉండటానికే. దీన్ని చిన్న మట్టి మూకుళ్ళలో పోసి, పైన కొంచెం చీజ్ చల్లి, పది నిమిషాలు ఓవెన్లో పెట్టి, వెన్న రాసి కాల్చిన పావు ముక్కలతో ఇవ్వండి. అరగంట దాకా జారుగా ఉంటుంది. చిక్కబడితే రెండు చెంచాల వేడి పాలు కలిపితే మళ్ళీ మామూలే. పాలతో చేసింది కాబట్టి రెండు గంటలకు మించి బయట ఉంచొద్దు, మే నెలలో అయితే గంటే.

పక్కన ఏం పెట్టాలంటే, పుల్లటిది ఏదైనా. ఉల్లిపాయ చక్రాలు నిమ్మరసంలో అరగంట నానేసినవి చాలు. కెచప్ సీసా బల్ల మీద పెట్టొద్దు, పిల్లలు దాంట్లోనే ముంచేస్తారు. నాకు చీజ్‌తో మాగాయ టెంక పక్కన ఊరిన గుజ్జు కొంచెం అంటించుకు తినడం ఇష్టం. ఎవరికీ చెప్పను, నవ్వుతారని. మీకు చెప్పేశాను.

మిగిలితే ఓవెన్లో మళ్ళీ పెట్టకండి, చీజ్ రెండోసారి సాగదు. పొద్దున పావుని అడ్డంగా విప్పి, చీజ్ వైపు పెనం మీదకి పెట్టి సన్న సెగన కరకరలాడేదాకా కాల్చండి. మా పిల్లలు దానికోసమే రెండు పావులు దాచిపెట్టమంటారు.